లూయీజ్ ఫారాంక్ : ఒక సంగీతాచార్యురాలి జీవితం, కృషి

(ప్లాటినం జూబిలీ సభలో చేసిన ప్రసంగ పాఠం)



పాఠశాల ఉత్సవ వేదికపై సంగీత ప్రస్తావన కొత్త కాదు. త్యాగరాజస్వామి, శ్యామశాస్త్రి, క్షేత్రయ్య పేర్లు ఇటువంటి సభలలో తరచు వినబడుతూనే ఉంటాయి. నేటి ప్రసంగ విషయం మాత్రం సముద్రాల ఆవలిది. పందొమ్మిదవ శతాబ్దపు పారిస్ నగరంలో పుట్టి, అక్కడే పెరిగి, అక్కడే కన్నుమూసిన ఒక స్త్రీ జీవితం. ఆమె పియానో విద్వాంసురాలు. వాగ్గేయకారిణి అనడానికి వీలులేదు. ఎందుకంటే ఆమె రచనలలో అధిక భాగానికి సాహిత్యం లేదు, అవి కేవల వాద్య సంగీతాలు. కనుక స్వరకర్త్రి అనవలె. వీటన్నిటికీ తోడు ముప్పై సంవత్సరాలు తరగతి గదిలో కూర్చుని పాఠం చెప్పిన ఉపాధ్యాయిని. ఒక పాఠశాల పండుగలో ఆమెను స్మరించడానికి ఈ చివరి కారణం ఒక్కటే చాలును. ఆమె పేరు లూయీజ్ ఫారాంక్.

గోదావరి పాయ ఒడ్డున ఉన్న యానాంలో 1954 దాకా ఫ్రెంచివారి పాలన సాగింది. అక్కడి తెలుగు పిల్లలు ఫ్రెంచి పాఠాలు చదువుకున్నారు. కాబట్టి ఫ్రెంచి పేర్లు తెలుగు నాలుకకు మరీ అపరిచితాలు కావు. విచిత్రమేమంటే, ఈ ఒక్క పేరు మాత్రం వంద సంవత్సరాల పాటు పారిస్ వారికే దాదాపు అపరిచితంగా ఉండిపోయింది. జీవించి ఉన్న కాలంలో పెద్దల మెప్పు పొందిన మనిషి, మరణానంతరం అంత త్వరగా ఎట్లా మరుగున పడింది? ఆ ప్రశ్నకు సమాధానం ఆమె ప్రతిభలో దొరకదు. కాగితంలో, అచ్చుయంత్రంలో, జీతాల పట్టికలో దొరుకుతుంది.

ఆమె 1804 మే 31న పారిస్‌లో జన్మించింది. పుట్టింటి పేరు జాన్-లూయీజ్ ద్యూమోఁ. తండ్రి జాక్-ఎద్మ్ ద్యూమోఁ శిల్పి. ఆ వంశంలో శిల్పవృత్తి తరతరాలుగా వస్తున్నది. కళాకారుల కోసం ప్రభుత్వం కేటాయించిన సోర్బోన్ వసతి గృహాలలో ఆ కుటుంబం నివసించేది. ఇరుగు పొరుగు అంతా చిత్రకారులు, శిల్పులు. ఆడపిల్ల విద్య నేర్వడం ఆ వాడలో వింత కాదు. లూయీజ్ చిన్ననాటనే పియానో నేర్చింది. తొలి గురువు సెసీల్ సోరియా అనే ఆమె. ప్రఖ్యాత పియానో విద్వాంసుడు క్లెమెంతీకి శిష్యురాలు. అనంతరం మోషెలెస్, హుమ్మెల్ వంటి ఉద్దండుల వద్ద మెలకువలు గ్రహించే అవకాశం కూడా ఆమెకు లభించింది.

వాద్యం నేర్చుకోవడానికి అడ్డు లేదు. రచన నేర్చుకోవడానికే అడ్డు వచ్చింది. పారిస్‌లో 1795లో స్థాపితమైన కాన్సర్వత్వార్ అనే ప్రభుత్వ సంగీత విద్యాలయం ఉన్నది. ఫ్రాన్సు దేశంలో సంగీత విద్యకు అదే పీఠం. అందులో ఆడపిల్లలు గాత్రం నేర్వవచ్చు, పియానో నేర్వవచ్చు. స్వరరచన తరగతిలో మాత్రం వారికి ప్రవేశం లేదు. అయితే ఆ విద్యాలయంలోనే రచనా శాస్త్రం బోధించే ఆంతోన్ రైఖా అనే ఆచార్యుని వద్ద ప్రత్యేకంగా పాఠాలు చెప్పించుకోవడానికి లూయీజ్ తల్లిదండ్రులు సమ్మతించారు. అప్పటికి ఆమెకు పదిహేనేళ్లు. ఈ రైఖా ప్రాగ్ నగరంలో పుట్టినవాడు, యౌవనంలో బీథోవెన్‌కు మిత్రుడు. తరువాతి కాలంలో బెర్లియోజ్, లిస్ట్, గూనో, ఫ్రాంక్ వంటి మహామహులు ఆయన పాదాల చెంత చదువుకున్నారు. వారి పేర్ల పక్కన శిష్య పరంపరలో లూయీజ్ పేరు కూడా ఉండదగినదే. కాకపోతే వారిలో విద్యాలయపు ముఖద్వారం గుండా వెళ్లినవారున్నారు. ఆమెకు ఆ ద్వారం మూసి ఉన్నది.

ఇక్కడ ఆమె అన్న సంగతి ఒకటి చెప్పుకోవలె. ఓగ్యూస్త్ ద్యూమోఁ ఆమెకంటే మూడేళ్లు పెద్ద. తండ్రి వలెనే శిల్పి అయినాడు. 1823లో ప్రభుత్వం వారి 'రోమ్ బహుమతి' గెలుచుకుని, ప్రభుత్వ వ్యయంతో రోమ్ నగరానికి వెళ్లి చదువుకున్నాడు. సంగీత రచనకు కూడా అదే పేరిట బహుమతి ఉన్నది. కాని ఆ పోటీలో స్త్రీలను 1903 దాకా అనుమతించలేదు. ప్రథమ బహుమతిని ఒక స్త్రీ, లిలీ బూలాంజే, గెలుచుకున్నది 1913లో. ఒకే ఇంట పుట్టి, ఒకే అన్నం తిన్న ఇద్దరిలో ఒకరికి రాజమార్గం, మరొకరికి పెరటి దారి. ఇందులో తల్లిదండ్రుల పక్షపాతం ఏమీ లేదు. వారు చేయగలిగినంతా చేశారు.

1821లో, పదిహేడేళ్ల వయసున, లూయీజ్ అరిస్తీద్ ఫారాంక్‌ను వివాహమాడింది. ఆయన మార్సేయ్ నగరవాసి, వేణువు వాయించేవాడు, ఆమెకంటే పదేళ్లు పెద్ద. పెండ్లితో చదువు కొంతకాలం ఆగింది. దంపతులిద్దరూ కలిసి దేశంలో కచేరీలు చేస్తూ తిరిగారు. అయితే ఆ తిరుగుడు అరిస్తీద్‌కు త్వరలోనే విసుగు పుట్టించింది. పారిస్‌కు తిరిగి వచ్చి సంగీత గ్రంథాల ప్రచురణ సంస్థ ఒకటి స్థాపించాడు. లూయీజ్ మళ్లీ రైఖా వద్దకు వెళ్లి విడిచిన చదువు అందుకుంది. ఈ అరిస్తీద్ విషయం ప్రత్యేకంగా పేర్కొనదగినది. భార్య విద్యను పెండ్లి అనే గోడకు మేకు కొట్టి వేలాడదీసే భర్తలే లోకంలో అధికం. అరిస్తీద్ తాను వేణువు పక్కన పెట్టి, భార్య రచనలను అచ్చొత్తించాడు. ఆమె సంకోచించినప్పుడు ప్రోత్సహించాడు. 1826లో వారికి విక్తోరీన్ అనే కుమార్తె కలిగింది.

ఆమె తొలి రచనలు పియానోకు వ్రాసినవి. ప్రసిద్ధమైన పాటల వరుసలు తీసుకుని వాటిని రకరకాలుగా మార్చి వాయించే 'వేరియేషన్' అనే ప్రక్రియ ఆ రోజులలో పారిస్‌లో వెర్రిగా చలామణి అయ్యేది. విద్వాంసుల వేళ్ల వడి చూసి ముక్కు మీద వేలు వేసుకోవడమే శ్రోతలకు వినోదం. లూయీజ్ కూడా ఆ బాటలోనే మొదలుపెట్టింది. అయినా గారడీ తక్కువ, శాస్త్రం ఎక్కువ. 1836లో జర్మనీలో రాబర్ట్ షూమన్ తన పత్రికలో, ఒక రష్యన్ పాటపై ఆమె చేసిన వేరియేషన్లను సమీక్షించి మెచ్చుకున్నాడు. పరదేశి పత్రికలో, అందునా నిక్కచ్చిగా వ్రాసే షూమన్ చేత, ప్రశంస పొందడం సామాన్య విషయం కాదు.

ఆ తరువాత వెలువడిన ముప్పై అభ్యాస గీతాల సంపుటి ఆమె పేరును విద్యాలయంలోకి ప్రవేశపెట్టింది. పాశ్చాత్య సంగీతంలో మేజర్, మైనర్ అనే రెండు జాతులలో మొత్తం ఇరవై నాలుగు 'కీ'లు ఉన్నాయి. అన్నిటినీ స్పృశిస్తూ వ్రాసిన అభ్యాసాలవి. మన పిల్లలు సరళీ స్వరాలు, జంట స్వరాలు, అలంకారాలు సాధన చేసినట్లు అక్కడి విద్యార్థులు ఇటువంటివి సాధన చేస్తారు. సాధారణంగా అభ్యాస గీతాలు వేళ్లకు వ్యాయామమే గాని చెవికి విందు కావు. లూయీజ్ అభ్యాసాలు వినడానికి కూడా ఇంపుగా ఉంటాయి. 1845లో విద్యాలయం వీటిని తన పియానో తరగతులకు పాఠ్యగ్రంథంగా స్వీకరించింది.

అప్పటికే ఆమె ఆ విద్యాలయంలో ఆచార్య పదవిలో ఉన్నది. 1842లో అధ్యక్షుడు ఒబేర్ ఆమెను పియానో ఆచార్యురాలిగా నియమించాడు. పదిహేనేళ్ల పిల్లగా రచన నేర్వడానికి రానివ్వని భవనంలోనే ముప్పై ఎనిమిదేళ్ల వయసున పాఠం చెప్పడానికి అడుగుపెట్టింది. బోధించవలసింది మాత్రం ఆడపిల్లల పియానో తరగతి. అబ్బాయిల తరగతి వేరు, వారి ఆచార్యులు వేరు. తాను ఆరితేరిన స్వరరచనా శాస్త్రాన్ని బోధించే ప్రసక్తి లేదు. ఆమె తరగతిలో చదువుకున్న బాలికలు విద్యాలయ పరీక్షలలో ప్రథమ బహుమతులు గెలుస్తూ వచ్చారు. 1844లో ఆ బహుమతి పొందిన వారిలో ఆమె కుమార్తె విక్తోరీన్ ఒకతె.

ఈ కాలంలోనే ఆమె దృష్టి పెద్ద రచనల వైపు మళ్లింది. ఇక్కడ ఒక మాట వివరించవలె. పారిస్ ఆనాడు ఒపెరాకు దాసోహమన్న నగరం. రంగస్థలం, గాయకులు, వేషాలు, కథ - ఇవి ఉంటేనే జనం, జనం ఉంటేనే ధనం. కథా లేదు, పాటా లేదు, కేవలం వాద్యాలు మాత్రమే మాట్లాడే సింఫొనీని వ్రాయడమంటే ఆదాయం లేని వ్యవసాయం చేయడమే. పేరు మోసిన మగ స్వరకర్తలు కూడా ఆ పొలానికి దూరంగా ఉండేవారు. లూయీజ్ ఒపెరా జోలికి పోలేదు. 1834లో రెండు 'ఓవర్చర్'లు - అంటే వాద్యబృందానికి ఒకే అంకంగా వ్రాసిన రచనలు - చేసింది. వాటిలో ఒకదానిని 1840లో విన్న బెర్లియోజ్ అది చక్కగా వ్రాసినదనీ, వాద్యాల కూర్పులో కనబడిన నేర్పు స్త్రీలలో అరుదైనదనీ వ్రాశాడు. బెర్లియోజ్ దుష్టుడు కాడు, రసజ్ఞుడే. ఆయనా ఆమే ఒకే గురువు శిష్యులు. అయినా మెప్పులో ఆ చివరి మాట చేరనిదే ఆయన కలం ఆగలేదు. స్త్రీలకు ఆ విద్య నేర్పే తరగతే లేనప్పుడు నేర్పు అరుదుగా ఉండక ఏమవుతుంది?

ఆ 1840లోనే పారిస్ నడిబొడ్డున, బాస్తీయ్ కూడలిలో, జులై స్తంభం ఆవిష్కృతమైంది. స్తంభాగ్రాన రెక్కలు విప్పి, ఒంటికాలిపై నిలిచిన బంగారు పూత కంచు విగ్రహం స్వేచ్ఛాదేవతా రూపం. దాని శిల్పి లూయీజ్ అన్న ఓగ్యూస్త్. నేటికీ పారిస్ వెళ్లిన యాత్రికులు తల ఎత్తి దాన్ని చూస్తారు.

లూయీజ్ మూడు సింఫొనీలు వ్రాసింది. మొదటిది 1841లో పూర్తయింది. దాని తొలి ప్రదర్శన కోసం నాలుగేళ్లు వేచి ఉండవలసి వచ్చింది, అది కూడా పారిస్‌లో కాదు, 1845లో బెల్జియం రాజధాని బ్రసెల్స్‌లో. రెండవది 1845లో వ్రాసినది. మూడవది 1847లో ముగించింది. ఆ 1847 జనవరిలోనే ఇక్కడ తిరువయ్యారులో త్యాగరాజస్వామి సిద్ధి పొందారు. ఈ రెంటికీ సంబంధం ఏమీ లేదు. కాని ఒక పోలిక వల్ల లూయీజ్ కష్టం స్పష్టమవుతుంది. త్యాగరాజస్వామి కృతి బ్రతకడానికి ఒక కంఠం చాలును. వాలాజాపేట శిష్యులు, ఉమయాళ్పురం శిష్యులు, తిల్లస్థానం శిష్యులు ఆ కృతులను గొంతులలో దాచి, తాళపత్రాలపైన కాగితాలపైన వ్రాసుకుని, తరువాతి తరానికి అందించారు. పల్లె భజన మందిరంలో, పెరటి అరుగు మీద, ఎవరో ఒకరు పాడితే కృతి బ్రతికే ఉంటుంది. సింఫొనీ అట్లా కాదు. యాభై అరవై మంది వాద్యకారులు ఒక చోట చేరవలె. ఒక్కొక్కరి ముందు వారి వారి భాగం వ్రాసిన కాగితం ఉండవలె. పెద్ద మందిరం కావలె. వీటికి డబ్బు కావలె. అచ్చు కాని సింఫొనీ పెట్టెలో మూసిన దీపం వంటిది. కంఠస్థం చేసి దాచే వీలు లేదు. ఎవరూ ఒంటరిగా పాడుకోలేరు.

మూడవ సింఫొనీని 1849లో విద్యాలయపు కచేరీ సంఘం ప్రదర్శించింది. 1828 నుండి బీథోవెన్ రచనలకు పారిస్‌లో ప్రతిష్ఠ తెచ్చిన సంఘమది. సజీవులైన స్వరకర్తల కొత్త సింఫొనీ అక్కడ వినిపించడమే గొప్ప. పైగా ఆనాటి కార్యక్రమంలో బీథోవెన్ అయిదవ సింఫొనీ కూడా ఉన్నది. కొండ పక్కన నిలబడిన ఏ చెట్టయినా చిన్నదిగానే కనబడుతుంది. అయినా ఆ రచన నిలబడింది. ఆరంభంలో ఓబో అనే సన్నాయి జాతి వాద్యం ఒంటరిగా, తోడేమీ లేకుండా, మెల్లగా ఒక పదం పలుకుతుంది. అంత పెద్ద వాద్యబృందం ఊపిరి బిగబట్టి ఆ ఒక్క గొంతును వింటున్నట్లుంటుంది. క్రమంగా ఇతర వాద్యాలు చేరతాయి, వేగం పుంజుకుంటుంది, ఆవేశం పెరుగుతుంది. రెండవ అంకంలో క్లారినెట్ పాడే విలంబ గీతం సౌమ్యమైనది. ఈ సింఫొనీలో తుతారలు లేవు, ఆర్భాటం లేదు. నేడు వినే శ్రోతకు ఇందులో స్త్రీ రచన అనే గుర్తు ఏదైనా కనబడుతుందా అంటే కనబడదు. మంచి రచన అనే గుర్తు మాత్రమే కనబడుతుంది.

మూడు సింఫొనీలలో ఒక్కటీ ఆమె బ్రతికుండగా అచ్చు కాలేదు. భర్త ప్రచురణకర్త అయి ఉండి కూడా! ఆయన అప్పటికే ఆ వ్యాపారం నుండి తప్పుకుని, ప్రాచీన సంగీత పరిశోధనలో మునిగి ఉన్నాడు. ఇతర ప్రచురణకర్తలకు చిన్న చిన్న పియానో తునకలు కావాలి, ఒపెరా పాటలు కావాలి. సింఫొనీని అచ్చొత్తితే కొనేవారెవరు? సంగీతజ్ఞుల జీవిత చరిత్రల కోశం కూర్చిన బెల్జియం పండితుడు ఫేతిస్ ఈ స్థితిని గురించి చింతించాడు. పేరు పాతుకోని స్వరకర్త పెద్ద రచన చేస్తే ప్రేక్షకులు చల్లగా ఉంటారనీ, ప్రచురణకర్తలు చెవులు మూసుకుంటారనీ ఆయన ఆవేదన.

ఇక ఆమె జీవితంలో మిక్కిలి చెప్పుకోదగిన ఘట్టం 1850 నాటిది. 1849లో ఆమె తొమ్మిది వాద్యాలకు ఒక రచన చేసింది. వయొలిన్, వయోలా, చెల్లో, డబుల్ బాస్ అనే నాలుగు తంత్రీ వాద్యాలు. ఫ్లూటు, ఓబో, క్లారినెట్, హార్న్, బసూన్ అనే అయిదు ఊదే వాద్యాలు. తొమ్మిది వాద్యాలు కనుక దానికి 'నోనెట్' అని పేరు. తీగను ఊపిరితో, ఊపిరిని తీగతో సమంగా తూచడం సులభం కాదు. ఒకటి గట్టిగా పలికితే రెండవది వినబడదు. గురువు రైఖా ఊదే వాద్యాల కూర్పులో దిట్ట. ఆయన నేర్పిన విద్య ఇక్కడ పండింది. 1850లో జరిగిన తొలి ప్రదర్శనలో వయొలిన్ వాయించినవాడు యోసెఫ్ యోఆఖిమ్; ఇంకా పందొమ్మిదేళ్లు నిండని యువకుడు, తరువాత యూరపు ఖండమంతటికీ వయొలిన్ చక్రవర్తి అనిపించుకున్నవాడు. ప్రదర్శన ఘన విజయం సాధించింది.

ఆ విజయం వెచ్చగా ఉన్న సంవత్సరంలోనే ఆమె అధ్యక్షుడు ఒబేర్‌కు ఒక లేఖ వ్రాసింది. విషయం జీతం. ఎనిమిదేళ్లుగా ఆమె అదే విద్యాలయంలో, అదే హోదాలో, అదే విధమైన పాఠం చెబుతున్నది. అయినా మగ ఆచార్యులకంటే ఆమెకు తక్కువ ముట్టేది. ఆ లేఖలోని తర్కం ఉపాధ్యాయ వృత్తిలో ఉన్నవారందరూ గమనించదగినది. ఆమె తన పేదరికం వర్ణించలేదు. దయ చూపమనలేదు. తన నోనెట్ విజయాన్ని ఎత్తి చూపి గర్జించనూ లేదు. స్వలాభం మాట అటుంచమన్నది. తోటి పురుష ఆచార్యులకు ఇస్తున్న ప్రోత్సాహం తనకు ఇవ్వకపోతే, అప్పగించిన పనిని తాను తగినంత శ్రద్ధతో చేయలేదేమోనని లోకం అనుకోవచ్చును. కనుక తన వేతనాన్ని వారితో సమం చేయవలసిందని కోరింది.

ఎంత మర్యాదగా ఉన్నదో అంత తప్పించుకోరాని వాదన అది. జీతం తక్కువ ఉంచాలంటే ఒబేర్ రెండింటిలో ఒకటి ఒప్పుకోవలె: ఆమె పని తక్కువదనో, లేక పని సమానమే అయినా స్త్రీ కనుక తక్కువ ఇస్తున్నామనో. మొదటిది అనడానికి ఆమె శిష్యురాళ్ల బహుమతులు అడ్డు. రెండవది కాగితం మీద పెట్టడానికి మర్యాద అడ్డు. ఒబేర్ సమ్మతించాడు. ఆమె వేతనం సమానమయింది. సమాన పనికి సమాన వేతనమనే మాట చట్టాలలో చేరడానికి ఇంకా ఎన్నో దశాబ్దాలు పట్టిన ప్రపంచంలో, ఒక సంగీత ఉపాధ్యాయిని ఒక్క ఉత్తరంతో దాన్ని తనవరకు సాధించుకున్నది. అయితే అది ఆమెకు దక్కినదే. నియమంగా మారలేదన్నది కూడా మరువరాదు. ఆ ఒక్క గెలుపు వెనుక ఎనిమిదేళ్ల ఓర్పు, ఒక ఘన విజయపు అండ, ఒక అధ్యక్షుని మంచితనం అవసరమైనాయి.

తరువాతి కొన్నేళ్లు ఫలవంతమైనవి. పియానోకు అయిదు ఊదే వాద్యాలు జోడించి 1852లో వ్రాసిన 'సెక్స్‌టెట్' ఆ కూర్పులో తొలి రచనలలో ఒకటి. పియానోతో కలిసి క్లారినెట్, ఫ్లూటు, చెల్లో వంటి వాద్యాలకు త్రయాలు, ద్వయాలు వ్రాసింది. ఛేంబర్ సంగీతానికి, అంటే చిన్న బృందాలు చిన్న గదులలో వాయించే సంగీతానికి, ఫ్రెంచి కళాపరిషత్తు ఇచ్చే షార్తియే బహుమతి 1861లోను, మళ్లీ 1869లోను ఆమెను వరించింది.

కాని ఆ బహుమతుల నాటికి ఆమె గుండె చెదిరి ఉన్నది. విక్తోరీన్ తల్లి వద్దనే పియానో నేర్చి, తల్లి రచనలను వేదికలపై వాయించి, పేరు తెచ్చుకున్న పిల్ల. ఆమెను దీర్ఘ వ్యాధి పట్టుకుంది. ఏళ్ల తరబడి మంచాన ఉండి, 1859 జనవరిలో, ముప్పై రెండేళ్ల వయసున మరణించింది. ఒక్కగానొక్క కూతురు, మొదటి తరం శిష్యురాలు, తన సంగీతానికి గొంతుక. ఆ మరణానంతరం లూయీజ్ పెద్ద రచన ఏదీ చేపట్టలేదు. దాని గురించి ఎక్కువ చెప్పడానికి ఏమీ లేదు.

రచన ఆగినా పని ఆగలేదు. భార్యాభర్తలిద్దరూ ఒక మహాకార్యానికి పూనుకున్నారు. దాని పేరు 'పియానో విద్వాంసుల నిధి'. పియానో పుట్టక పూర్వం హార్ప్సికార్డ్ అనే వాద్యం ఉండేది. తీగను సుత్తితో కొట్టడం కాక, ఈక ములుకుతో మీటే వాద్యం. దానికి పదహారవ శతాబ్దం నుండి గొప్ప గొప్ప రచనలు వచ్చాయి. కూపెరాఁ, రామో, స్కార్లట్టి, బాఖ్ వంటి వారి సంగీతం ఎక్కడెక్కడో పాత అచ్చు ప్రతులలో, వ్రాతప్రతులలో చెదిరి ఉన్నది. వాటిని సేకరించి, ప్రతులు పోల్చి, తప్పులు సవరించి, కాలక్రమంగా సంపుటాలుగా అచ్చొత్తించడం ఈ పథకం. 1861లో మొదటి సంపుటాలు వెలువడినాయి. 1865లో అరిస్తీద్ మరణించాడు. అప్పటికి ఎనిమిది సంపుటాలు పూర్తయినాయి. మిగిలిన భారమంతా అరవై దాటిన లూయీజ్ పైన పడింది. ఆమె దింపుకోలేదు. విద్యాలయంలో పాఠాలు చెబుతూనే, ఇంటికి వచ్చి ప్రూఫులు దిద్దుతూ, మొత్తం ఇరవై పైచిలుకు సంపుటాలు వెలువరించింది.

ఈ పనిలో క్లిష్టమైన భాగం ఒకటి ఉన్నది. మన సంగీతం తెలిసినవారికి అది సులభంగా అర్థమవుతుంది. పాత స్వరకర్తలు స్వరాల పైన చిన్న చిన్న గుర్తులు పెట్టేవారు - ఒక వంకర గీత, ఒక అడ్డ గీత, ఒక కొక్కెం. అవి మన గమకాల వంటి అలంకారాలకు సంకేతాలు. ఒక్కొక్క స్వరకర్తది ఒక్కొక్క పద్ధతి. వాయించే సంప్రదాయం తెగిపోయిన తరువాత ఆ గుర్తులు గూఢలిపి అయిపోయినాయి. పియానో వాయించేవారు వాటిని వదిలివేయడమో, తోచినట్లు వాయించడమో చేసేవారు. లూయీజ్ పాత గ్రంథాలు వెతికి, ఆ గుర్తులు ఒక్కొక్కటీ ఎట్లా పలకాలో నిర్ణయించి, వివరణ వ్రాసింది. నలభై ఏళ్ల తరువాత 1904లో ఎట్టయపురంలో సుబ్బరామ దీక్షితులు తెలుగు లిపిలో అచ్చొత్తించిన 'సంగీత సంప్రదాయ ప్రదర్శిని'లో గమకాలకు ప్రత్యేక సంకేతాలు కల్పించి, వాటికి వివరణ ఇచ్చిన సంగతి ఇక్కడ తలపుకు రాక మానదు. ఒకరి కృషి మరొకరికి తెలిసే అవకాశం లేదు. ఒకరు తెగిన సంప్రదాయాన్ని తిరిగి ముడి వేశారు. మరొకరు తెగకముందే ముడి వేశారు. ఇద్దరికీ ఉన్న భయం మాత్రం ఒకటే.

అచ్చొత్తించి బీరువాలలో పెట్టడంతో ఆమె తృప్తి పడలేదు. చారిత్రక కచేరీలు ఏర్పాటు చేసి, ఆ సంపుటాలలోని ప్రాచీన రచనలను తన శిష్యురాళ్ల చేత వాయింపించింది. నూరేళ్లు, రెండు నూరేళ్లుగా వినబడని సంగీతం పారిస్ శ్రోతలకు వినబడింది. పాత సంగీతాన్ని పాత పద్ధతిలోనే వాయించాలనే ఉద్యమం ఇరవయ్యవ శతాబ్దంలో యూరపులో బలంగా వచ్చింది. దానికి ముందు తరం మనుషులలో ఈ దంపతులు ఉన్నారు.

1873 జనవరిలో ఆమె విద్యాలయం నుండి విశ్రాంతి తీసుకున్నది. 1875 సెప్టెంబరు 15న పారిస్‌లో మరణించింది. మోఁపార్నాస్ శ్మశాన వాటికలో ఆమెను ఖననం చేశారు.

తరువాత మౌనం. ఇతరుల మరుగుపడిన సంగీతాన్ని ఇరవై పైచిలుకు సంపుటాలలో రక్షించిన మనిషి తన మూడు సింఫొనీలను మాత్రం వ్రాతప్రతులుగానే విడిచి వెళ్లింది. అడిగి వాయించే కూతురు లేదు, పట్టుబట్టి అచ్చొత్తించే భర్త లేడు. విద్యాలయంలో ఆమె శిష్యురాళ్లు పియానో నేర్చినవారే గాని స్వరరచన నేర్చినవారు కారు. గురువు రచనా మార్గాన్ని కొనసాగించే శిష్య పరంపర ఏర్పడలేదు. మెల్లగా నిఘంటువులలో నాలుగు పంక్తులకు ఆమె కుదించుకుపోయింది. ఆమెను ద్వేషించి ఎవరూ అణచివేయలేదు. తలచుకోవడానికి ఎవరూ మిగలలేదు, అంతే. ఆ వ్రాతప్రతులు పారిస్‌లోని ఫ్రెంచి జాతీయ గ్రంథాలయంలో భద్రంగా ఉండడం ఒక్కటే అదృష్టం.

1980లో బియా ఫ్రీడ్‌లాండ్ అనే అమెరికన్ పరిశోధకురాలు ఆమెపై సమగ్ర గ్రంథం ప్రచురించింది. 1990ల చివర జర్మనీలో, ఫ్రాన్సులో కాదు, ఫ్రైయా హోఫ్‌మన్ సంపాదకత్వాన ఆమె రచనల ప్రామాణిక ముద్రణ ప్రారంభమైంది. సింఫొనీలు తొలిసారిగా సరియైన అచ్చు రూపంలో వాద్యబృందాల చేతికి అందినాయి. అప్పటికి అవి వ్రాసి నూట యాభై ఏళ్లు గడిచాయి. హానోవర్ రేడియో వాద్యబృందం వాటిని రికార్డు చేసింది. ఆ పైన ఒకరిని చూసి మరొకరు. 2021లో ఫ్రాన్సులోనే లారాన్స్ ఎకిల్బే అనే మహిళ నిర్వహణలో ఇన్సులా వాద్యబృందం ఆ సింఫొనీల రికార్డులు వెలువరించడం ప్రారంభించింది. లూయీజ్ కాలపు పద్ధతి వాద్యాలతో, ఆ కాలపు ధ్వనితో.

ఇప్పుడు ఆ మూడవ సింఫొనీ వినదలచినవారికి అది ఇంట కూర్చునే వినబడుతుంది. సుమారు ముప్పై అయిదు నిమిషాలు పడుతుంది. తొందరలో వినవద్దు. మొదట ఆ ఓబో ఒక్కటే, తోడు లేకుండా, మెల్లగా మొదలవుతుంది. కొంచెం చెవి ఒగ్గితే గాని వినబడదు.